నాకు తెలియకుండా వచ్చిన పంపకం డిక్రీని రద్దు చేయించవచ్చా?

ప్రశ్న: నాకు ఇద్దరు అన్నయ్యలు. అమ్మానాన్నలు లేరు, వీలునామా లేదు. పెళ్లయి 13 ఏళ్లుగా హైదరాబాదులో ఉంటున్నాను. గుంటూరు జిల్లాలో నాన్నగారి నాలుగెకరాల మాగాణి, పెంకుటిల్లు ఉన్నాయి. పెళ్లప్పుడే నా వాటా ఇచ్చేశామంటూ పెద్దన్నయ్య భాగపంపకాల దావా వేసి, అన్నదమ్ములిద్దరికే చెరిసగం వచ్చేలా ఏడాది కిందట ఎక్స్‌పార్టీ డిక్రీ (నేను హాజరు కాకుండానే ఇచ్చిన ఏకపక్ష తీర్పు) తెచ్చుకున్నాడు. 12 రోజుల కిందట కోర్టు నియమించిన కమిషనర్ వచ్చి పొలం కొలుస్తుంటే పిన్ని కొడుకు ఫోను చేశాడు. అప్పుడే నాకు తెలిసింది. సమన్లు పుట్టింటి చిరునామాకు పంపారట. ఇప్పుడు పెద్దమనుషుల్లో కూర్చుందాం అంటున్నారు. ఏం చేయాలి?

జవాబు: అమ్మా, పెద్దమనుషుల దగ్గర కూర్చోవద్దని అనను. కానీ అక్కడ ఎన్నాళ్లు కూర్చున్నా కోర్టు గడువు ఆగదు. ఏకపక్ష డిక్రీ రద్దు కోరడానికి లిమిటేషన్ (కాలపరిమితి) చట్టం 123వ అధికరణం ఇచ్చింది 30 రోజులే. మామూలుగా ఆ లెక్క డిక్రీ తేదీ నుంచి మొదలవుతుంది. సమన్లు సక్రమంగా అందనివారికి మాత్రం డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి. అంటే మీకింకా 18 రోజులున్నాయి. పత్రికలో ప్రకటన వేయించానని అన్నయ్య అన్నా బెదరకండి. ఈ గడువు లెక్కకు అది సమన్లు సక్రమంగా అందినట్లు కాదని అదే అధికరణం వివరణ చెబుతోంది. ఎందుకైనా మంచిది, ఆలస్యం మాఫీ కోరుతూ అదే చట్టం సెక్షన్ 5 కింద పిటిషన్ కూడా జతచేయండి.

రేపే ఆ కోర్టులో ఒక న్యాయవాదికి వకాల్తా ఇచ్చి, రికార్డులో సమన్ల వెనుక వైపు ఏం రాసి ఉందో చూడమనండి. ఎవరికి ఇచ్చాడో, ఎవరు సంతకం పెట్టారో, తలుపుకు అంటించాడో అమీనా (సమన్లు అందించే కోర్టు ఉద్యోగి) రాసేది అక్కడే. మీరు ఇంట్లో లేనప్పుడు, మీతో కలిసి ఉంటున్న వయసొచ్చిన కుటుంబసభ్యులకు సమన్లు ఇవ్వవచ్చు. అక్కడ మీ పెద్దవదినగారి సంతకం ఉంటే, ఆమె మీతో ఉంటున్న మనిషి కాదు, పైగా దావా వేసినవాడి భార్య. ఆ ఒక్క సంతకమే మీ పిటిషన్‌కు ప్రాణం పోస్తుంది. హైదరాబాదులో ఉంటున్నట్లు ఆధార్, అద్దె ఒప్పందం, పిల్లల స్కూలు ఫీజు రసీదులు జతపరచండి.

పిటిషన్ సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 9, రూల్ 13 కింద వేయాలి. చాలామంది అఫిడవిట్‌లో పది పేజీలు అన్నదమ్ముల అన్యాయం గురించి రాసి, సమన్లు అందలేదన్న మాట ఒక్క వాక్యంలో ముగిస్తారు. అది చూసినప్పుడల్లా నాకు బాధేస్తుంది. ఈ దశలో జడ్జిగారు అడిగేది ఒక్కటే: ఎందుకు రాలేదు? దానికే తేదీలతో జవాబు రాయండి, నిజమే రాయండి. అన్నయ్య అప్పట్లో వాయిదా తేదీ వాట్సాప్‌లో పంపి ఉంటే మీ న్యాయవాది దగ్గర దాచవద్దు. తేదీ తెలిసి, వచ్చే వ్యవధి ఉండీ రాలేదని తేలితే, సమన్ల జారీలో లోపం ఒక్కటే చూపి డిక్రీ రద్దు చేయకూడదని అదే రూల్ అంటోంది.

పంపకం డిక్రీని మీ ఒక్కరి మేరకే రద్దు చేయడం కుదరదు, కనుక మొత్తంగా రద్దు కోరండి. కమిషనర్ వచ్చాడంటే వాటాలు తేల్చే ప్రాథమిక డిక్రీ దాటి, ఆస్తిని విడదీసి పంచే తుది డిక్రీ పని నడుస్తోందన్నమాట. అక్కడా హాజరై స్టే అడగండి. సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 96 కింద అప్పీలుకూ వీలుంది. కానీ అది కొట్టేస్తే రూల్ 13 పిటిషన్ ఇక నిలవదు, అందుకని తొందరపడి అటు వెళ్లవద్దు. రూల్ 13 పిటిషన్‌ను కొట్టేస్తే ఆ ఉత్తర్వుపై విడిగా అప్పీలు ఉంది.

ఇక మీ వాటా సంగతి. పెళ్లిలో పెట్టిన బంగారం, పసుపుకుంకుమలు ఆస్తి హక్కును తుడిచేయవు. మీరు హక్కు వదులుకున్నారంటే రిజిస్టరైన పత్రం చూపమనండి. పిత్రార్జితంలో కూతురికి కొడుకుతో సమానంగా పుట్టుకతోనే హక్కు ఉందని 2020లో వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. నాన్నగారి స్వార్జితమైనా మీ ముగ్గురికీ సమాన వాటాలే. ఇవన్నీ జవాబు దావాలో (అన్నయ్య దావాకు మీరు కోర్టులో ఇచ్చే లిఖిత సమాధానంలో) రాసి సిద్ధంగా ఉంచుకోండి. డిక్రీ రద్దు చేస్తూ కోర్టు ఖర్చుల కింద కొంత సొమ్ము కట్టమంటే, చెప్పిన తేదీలోగా కట్టి రసీదు దాఖలు చేయండి.