తల ఎందుకు నొప్పి పెడుతుందో రాయి

విజయనగరం

అమ్మాయీ,

ఆశీస్సులు. రక్తనాళాల మీద నరసన్నపేట నుంచి నువ్వు పంపిన వ్యాసం అందింది. చదవడం మొదలుపెట్టగానే కోపం వచ్చింది, దాచుకోను. "ధమని లోపలి పొర గొట్టం లోపల వేసిన రంగు లాంటిది, రక్తం నున్నగా జారిపోవడానికి పనికొస్తుంది" అని మొదటి పేజీలో రాశావు. తరవాత ఎక్కడో అదే పొర "నైట్రిక్ ఆక్సైడ్ అనే నవ్వించే వాయువు"ను తయారుచేస్తుందన్నావు. రంగు వాయువును ఎలా తయారుచేస్తుందమ్మా? ఆ రెండు వాక్యాల మధ్య పాఠకుడు దేన్ని పట్టుకుని నడవాలి? పైగా నవ్వించే వాయువు నైట్రస్ ఆక్సైడ్. అందులో నైట్రోజన్ పరమాణువులు రెండు, ఆక్సిజన్ ఒకటి. నువ్వు రాయాల్సిన దాంట్లో నైట్రోజన్ ఒక్కటే. మొదటిది పళ్ళ డాక్టరు వాడే మత్తు. రెండోది మోటారు బళ్ళ పొగలో ఉంటుంది, మన ధమని గోడలోనూ పుడుతుంది.

లోపొర ఊరికే పరుచుకుని ఉంటుందని నువ్వు అనుకున్నందుకు తిట్టడం లేదు. ఒకప్పుడు ఆ రంగంలో పనిచేసే చాలామంది దాదాపు అలాగే అనుకున్నారు. ఆ నమ్మకం ఎలా కూలిందో నీ వ్యాసంలో లేదు. అదీ నా బాధ. "ఎండోథీలియం రక్తనాళాలను సడలింపజేస్తుందని కనుగొనబడింది" అని, లోపొరని దాని ఇంగ్లీషు పేరుతో పిలిచి, ఒక్క వాక్యంలో తేల్చేశావు. ఎవరు కనుక్కున్నారు? ఏం చూసి అనుమానపడ్డారు? నమ్మని వాళ్ళని ఎలా నమ్మించారు? సైన్సు రాయాలని నా దగ్గరికి వచ్చిన ప్రతి ఒక్కరికీ ఇదే చెబుతూ వస్తున్నాను: ప్రయోగం రాయండి. ఒట్టి ఫలితం చెబితే పాఠకుడు నిన్ను నమ్మాలి, లేదా మానాలి. ప్రయోగం చూపిస్తే నీతో నిమిత్తం లేకుండా తనే ఒక నిర్ణయానికి వస్తాడు. వాడికి ఆ గౌరవం ఇవ్వాలి.

నీ వస్తువులోనే ఎంత కథ ఉందో చూడు. బ్రూక్లిన్‌లో రాబర్ట్ ఫర్చ్‌గాట్ అని ఒక ఫార్మకాలజీ ప్రొఫెసర్ ఉండేవాడు. కుందేలు బృహద్ధమనిని పట్టీలుగా కోసి, వెచ్చటి ద్రావణంలో వేలాడదీసి, ఏ మందుకి ఎంత బిగుస్తుందో, ఎంత వదులవుతుందో కొలవడం ఆయన పని. నరాల చివర విడుదలయ్యే అసిటైల్‌కోలిన్ అనే రసాయనాన్ని మందుగా వేస్తే ఆ పట్టీ బిగుసుకునేది. అదే మందు బతికున్న జంతువుకి ఎక్కిస్తే రక్తనాళాలు వదులై బీపీ పడిపోయేది. ఒకే మందు రెండు రకాలుగా ఎందుకు పనిచేస్తోంది? 1950ల నుంచీ ఆ ముడి విడలేదు.

1978లో ఒక రోజు ఆయన టెక్నీషియన్ చెప్పిన వరస తప్పాడు. నారెపినెఫ్రిన్‌తో బిగుసుకుని ఉన్న ధమని ముక్కని కడగకుండానే, అసిటైల్‌కోలిన్ లాగే పనిచేసే కార్బకాల్ అనే మందు వేసేశాడు. ముక్క వదులైంది. వేరే ప్రొఫెసరైతే కుర్రవాణ్ణి నాలుగు తిట్టి, ఆ రోజు కాగితాలు చించేసి ఉండేవాడు. ఫర్చ్‌గాట్ అక్కడే ఆగాడు. ఈసారి వాడినవి ధమనిని అడ్డంగా కోసిన ఉంగరాలు, పట్టీలు కావు. ఉంగరాలు సడలుతున్నాయి, పట్టీలు సడలడం లేదు. మందు అదే, కుందేలు అదే, కండరమూ అదే. తేడా కోతలో ఉంది. పట్టీ కోసేటప్పుడు దాని లోపలి వైపు చేతికో, మరి దేనికో రాసుకుంటోంది. ఆ కాస్త రాపిడికే లోపొర ఊడిపోతోంది. ఒక్క కణం మందమే కదా అది!

అనుమానం వస్తే చాలదు, రుజువు కావాలి. లోపొర గీకేసిన పట్టీకి అసిటైల్‌కోలిన్ వేశారు, సడలలేదు. లోపొర చెక్కుచెదరని ఇంకో పట్టీని తెచ్చి, రెండిటి లోపలి ముఖాలూ కలిసేలా ఆనించి మళ్ళీ వేశారు. గీకేసిన పట్టీ సడలింది. లోపొరలోంచి ఏదో బయటికొచ్చి పక్కనున్న కండరానికి చేరుతోందన్నమాట. జాన్ జవాడ్‌స్కీతో కలిసి ఆయన దీన్ని 1980 నవంబరులో నేచర్ పత్రికలో ప్రకటించాడు. ఇందులో పదో తరగతి పిల్లవాడికి అర్థం కానిది ఏముంది? మీ పాఠకుడి స్థాయికి మించినదని ఎవడైనా అంటే ఈ పేరా వాడి ముందు పెట్టు.

నా అనుభవం చెబుతాను. ఉద్యోగంలో చేరిన కొత్తలో ఇక్కడి నుంచి పాసెంజరు బండెక్కి విశాఖపట్నం వెళ్ళేవాణ్ణి, మెడికల్ కాలేజీ లైబ్రరీలో పత్రికల కోసం. జిరాక్సుకి డబ్బులుండేవి కావు. బొమ్మలతో సహా నోటుబుక్కులోకి ఎక్కించుకుని రాత్రి బండికి తిరిగొచ్చేవాణ్ణి. ఈ రెండు పట్టీల ప్రయోగాన్ని అలా రాసుకొచ్చి, మా ఆవిడకి చదివి వినిపించి, ఆవిడకి అర్థమయ్యేదాకా తిరగరాసి ఒక వారపత్రికకి పంపాను. అచ్చయి వచ్చింది. ప్రయోగం ఒక్క ముక్క లేదు. నేను రాయని "వెల్లుల్లి తినండి, గుండెను కాపాడుకోండి" అన్న పెట్టె మాత్రం పేజీ మధ్యలో ఉంది, కింద నా పేరుతో. ఉత్తరం రాస్తే ఆ సంపాదకుడు "పాఠకులకి చిట్కాలు కావాలి మాస్టారూ" అని జవాబిచ్చాడు. ఆ పాఠకుల్లో ఎంతమందితో మాట్లాడి తెలుసుకున్నాడో చెప్పలేదు. ఆ జాతి ఇంకా పోలేదు. ఇప్పుడు ఫోన్ల నిండా వాళ్ళే. వాళ్ళ పక్కనే ఇంకో రకం, ప్రతి ఆవిష్కరణా మన తాతలకి ముందే తెలుసనేవాళ్ళు. నీ చివరి పేజీలో ఆ గాలి కూడా కాస్త సోకింది. కొట్టెయ్యి.

ఇక నన్ను కదిలించిన చోటు. నువ్వు పనిచేసే మందుల షాపుకి వచ్చిన ముసలాయన "ఈ మాత్ర నాలిక్కింద ఎట్టుకుంతే గుండె తేలికౌతాది గానీ బుర్ర పగిలిపోతాది, ఎందుకో సెప్పమ్మా" అన్నాడని రాశావు. "సైడ్ ఎఫెక్ట్ తాతా" అన్నావట. చిల్లరిచ్చి పంపేశావు. వ్యాసం కూడా ఆయన్ని అక్కడే వదిలేసి కొలెస్ట్రాల్ మీదికి పోయింది. ఎందుకమ్మా? నీ వ్యాసం మొత్తం ఆయన ప్రశ్నలోనే ఉంది! చదువుకున్న వాళ్ళు కూడా అడగని ప్రశ్న అది. గుండెకి వేసుకున్న మందు తలలో ఎందుకు పనిచేస్తోందని అడిగాడు.

ఆయనకి జవాబు రాయి. రక్తం గోడను ఒరుసుకుంటూ పోతున్నప్పుడు ఆ ఒరిపిడిని లోపొర కణాలు పసిగడతాయి. వాటిలో ఉన్న ఒక ఎంజైము ఆర్జినిన్ అనే అమైనో ఆమ్లం నుంచి నైట్రిక్ ఆక్సైడ్ తీస్తుంది. దాని ఆయుష్షు కొన్ని సెకన్లే, రక్తంలోకి పోతే హిమోగ్లోబిన్ మింగేస్తుంది. అయినా పక్కనున్న కండరకణంలోకి దూరడానికి ఆ వ్యవధి చాలు. అక్కడ సైక్లిక్ జీఎంపీ అనే సంకేత అణువు పెరుగుతుంది, కాల్షియం తగ్గుతుంది, కండరం పట్టు వదులుతుంది. ముసలాయన సార్బిట్రేట్ మాత్ర లోపొరతో పని లేకుండా అదే వాయువును గోడలోకి చేరుస్తుంది. లోపొర పాడైన వాడికి కూడా అది పనిచేసేది అందుకే. మింగితే చాలావరకు కాలేయం విరిచేస్తుంది కాబట్టి నాలిక కింద పెట్టమంటారు. దాంతో ముఖ్యంగా సిరలు వదులై, గుండెకి తిరిగొచ్చే రక్తం తగ్గి, దాని మీద బరువు తగ్గుతుంది. అయితే ఆ మందుకి గుండె ఏదో తల ఏదో తెలియదు. తలలో నాళాలూ విప్పారతాయి. అదే ఆయన తలనొప్పి.

ఆ తలనొప్పికి పెద్ద చరిత్ర ఉంది. ముసలాయన మాత్రకి చుట్టమే నైట్రోగ్లిజరిన్, డైనమైటులో పేలేది అదే. 1847లో దాన్ని తయారుచేసిన ఇటలీ రసాయన శాస్త్రవేత్త సోబ్రెరో రుచి చూసి తల పట్టుకున్నాడు. డైనమైటు ఫ్యాక్టరీల కార్మికులకి ఆదివారం సెలవు గడిచి సోమవారం పనిలోకి రాగానే తలనొప్పి వచ్చేది. 1879లో లండన్‌లో విలియం మరెల్ అనే డాక్టరు గుండెనొప్పికి అదే మందు ఇచ్చి చూశాడు. డైనమైటుతో కోట్లు గడించిన ఆల్ఫ్రెడ్ నోబెల్‌కి చివరి రోజుల్లో డాక్టర్లు రాసిచ్చింది కూడా నైట్రోగ్లిజరినే. అది ఎలా పనిచేస్తోందో అప్పటికి ఎవరికీ తెలీదు. దాంట్లోంచి నైట్రిక్ ఆక్సైడ్ వస్తుందని 1977లో ఫెరిడ్ మురాడ్ చూపించాడు. లోపొర విడిచే పదార్థం కూడా అదేనని 1986లో ఫర్చ్‌గాట్, లూయీ ఇగ్నారో విడివిడిగా అన్నారు. 1987లో ఇంగ్లండులో సాల్వడార్ మోంకాడా బృందం లోపొర కణాల నుంచి వచ్చే నైట్రిక్ ఆక్సైడ్‌ను కొలిచి చూపించింది. 1998లో నోబెల్ బహుమతి ఫర్చ్‌గాట్, ఇగ్నారో, మురాడ్‌లకి వచ్చింది, మోంకాడాకి రాలేదు. ఒక బహుమతిని ముగ్గురికి మించి పంచరు. నీ వ్యాసంలో ఆ ముగ్గురి పేర్లే ఉన్నాయి. నాలుగో పేరు కూడా ఉండాలి. బహుమతి జాబితా చూసి చరిత్ర రాయకూడదు.

పొగ గురించి నువ్వు రాసిన పేరా ఎవరో ఎక్కడో రాసినట్టుంది. "పాశ్చాత్య దేశాల్లో సిగరెట్లు తాగేవారు" ఏమిటమ్మా? మన తీరంలో ముసలమ్మలు నిప్పున్న కొసని నోట్లో పెట్టుకుని చుట్ట కాలుస్తారు. అడ్డపొగ నువ్వు చూడలేదా? అంగిట్లో పుండ్ల కోసం, కేన్సరు కోసం డాక్టర్లు ఆ అలవాటును వెతుక్కుంటూ శ్రీకాకుళం జిల్లాకి వచ్చి పరిశోధనలు చేశారు. నోరు దాటిన పొగ ఏం చేస్తుందో నువ్వు రాయి. పొగ వల్ల పుట్టే చురుకైన ఆక్సిజన్ రూపాలు నైట్రిక్ ఆక్సైడ్‌ను కండరానికి చేరకముందే నాశనం చేస్తాయి. షుగరు, హెచ్చు బీపీ కూడా లోపొరను ఇలాగే దెబ్బతీస్తాయి. 1986లో రోగుల గుండె ధమనుల్లోకి అసిటైల్‌కోలిన్ పంపి చూస్తే, ఆరోగ్యంగా ఉన్నవి విప్పారాయి, కొవ్వు పేరుకున్నవి బిగుసుకున్నాయి. ఫర్చ్‌గాట్ గీకేసిన పట్టీ చేసినట్టే! ఇది తెలిసిన రోజు రాత్రి నాకు నిద్ర పట్టలేదు. బ్రూక్లిన్ బల్ల మీద గీకితే పోయిన పొర, మన వీధిలో నడిచే మనిషి ఛాతీలో గీకకుండానే పనిచెయ్యడం మానేస్తోంది. వ్యాసానికి గుండెకాయ ఇక్కడ పెట్టాలి.

కలం పేరు గురించీ, పుస్తకం ఎవరు వేస్తారనీ అడిగావు. అది ఇప్పటి సంగతి కాదు. వాక్యం చేతికి రావాలంటే ఖాళీ దొరికిన ఆదివారం శ్రీకాకుళం వెళ్ళి కథానిలయంలో కూచుని పాత కథలు చదువు. మన వైపు మాట అచ్చులో ఎలా నిలబడుతుందో తెలుస్తుంది. ముసలాయన మాటని దిద్దకుండా ఉన్నదున్నట్టు రాశావు. నీ మీద నాకు నమ్మకం కలిగింది అక్కడే.

వ్యాసం ముసలాయనతో మొదలుపెట్టు. కొలెస్ట్రాల్ పేజీలు తీసెయ్యి, దానిమ్మ రసం పేరా కూడా. బొమ్మలో కండరం రక్తం వైపుకీ, లోపొర బయటికీ పడ్డాయి. తిప్పి గీసి పంపు. సంక్రాంతి లోపు అందితే చదివి వెంటనే జవాబు రాస్తాను.

ఆశీస్సులతో,
మాస్టారు