టాబ్లెట్‌లో గేమ్ రికార్డ్ చేస్తే వీడియోలో గేమ్ శబ్దం ఎందుకు రావడం లేదు?

చాలావరకు మీ స్క్రీన్ రికార్డర్ గేమ్ శబ్దాన్ని లోపలి నుంచి కాకుండా మైక్ ద్వారా తీసుకుంటోంది, లేదా దానిలో ఆడియో అసలు ఆన్‌లోనే లేదు.

స్క్రీన్ మీది బొమ్మ ఒక దారిలో, శబ్దం ఇంకో దారిలో రికార్డవుతాయి. ఆండ్రాయిడ్‌లో ఒక యాప్ శబ్దాన్ని మరో యాప్ నేరుగా అందుకునే వీలు 2019లో, ఆండ్రాయిడ్ 10తో వచ్చింది. అంతకుముందు డౌన్‌లోడ్ చేసుకునే మామూలు రికార్డర్ యాప్‌లకు మైకే గతి. ఆండ్రాయిడ్ 11 నుంచి సిస్టమ్‌లోనే రికార్డర్ ఉంటుంది. రికార్డింగ్ మొదలుపెట్టే ముందు అది మైక్ కావాలా, డివైస్ ఆడియో (టాబ్లెట్ లోపలి శబ్దం) కావాలా, రెండూ కావాలా అని అడుగుతుంది. మాట్లాడుతూ ఆడేవాళ్లు రెండూ ఎంచుకోవాలి.

ఉదాహరణకు, మైక్ మాత్రమే ఎంచుకుని స్పీకర్‌లో ఆడితే తుపాకీ మోతలతో పాటు ఫ్యాన్ హోరు, వంటింట్లో కుక్కర్ విజిల్ కూడా వీడియోలోకి ఎక్కుతాయి. అదే ఇయర్‌ఫోన్స్ పెట్టుకుంటే గేమ్ శబ్దం మీ చెవులకే వెళ్తుంది కాబట్టి వీడియోలో ఫ్యాన్, కుక్కర్ మాత్రమే మిగులుతాయి!

చాలామంది స్పీకర్ పాడైందనో, డబ్బు కట్టి ప్రో యాప్ కొంటే పని అయిపోతుందనో అనుకుంటారు. రెండూ పొరపాటే. అనుమతి ఇచ్చేది సిస్టమ్, ఆపైన గేమ్. తన శబ్దాన్ని వేరే యాప్‌లు తీసుకోకుండా గేమ్ తయారుచేసినవాళ్లే అడ్డుకోవచ్చు. అలాంటప్పుడు ఎంత ఖరీదైన రికార్డర్ యాప్ అయినా దాన్ని లోపలి నుంచి పట్టుకోలేదు.