టోక్యోలో మా పాపకి యాక్టింగ్ ఛాన్స్ వచ్చింది, చేర్పించాలా?

ప్రశ్న: మేం ఏడేళ్లుగా టోక్యోలో, నిషికసాయ్‌లో ఉంటున్నాం. మావారు ఐటీ. మా పాపకి ఎనిమిదేళ్లు, ఇక్కడి ప్రభుత్వ స్కూల్లో మూడో తరగతి. జపనీస్ ఇక్కడి పిల్లల్లాగే మాట్లాడుతుంది. టీవీలో డ్రామా అయిపోగానే అద్దం ముందు నిలబడి డైలాగులన్నీ అప్పజెప్తుంది. పోయిన నెల షాపింగ్ మాల్‌లో ఒకావిడ కార్డు ఇచ్చి ఏజెన్సీ ఆడిషన్‌కి రమ్మంది. వెళ్తే సెలెక్ట్ అయింది. ఇప్పుడు చేరేందుకు ఒక ఫీజు, లెసన్లకి ఇంకో ఫీజు కట్టమంటున్నారు. మూడు నాలుగేళ్లలో హైదరాబాద్ వెళ్లిపోతాం, ఇదంతా ఎందుకు అంటారు మావారు. అసలు ఇందులో పాపకి కెరీర్ ఉంటుందా? (ఒక తల్లి, టోక్యో)

జవాబు: ముందు ఫీజు సంగతి చూద్దాం, మిమ్మల్ని తొందరపెడుతున్నది అదే కాబట్టి. మీ పాప సెలెక్ట్ అయింది నటిగా కాదు, ఫీజు కట్టి నేర్చుకునే స్టూడెంట్‌గా. పాత్ర ఇంకా ఏదీ రాలేదు. అలాగని ఫీజు అడిగిన ప్రతివాళ్లూ మోసగాళ్లు కాదు. 1952 నుంచి ఉన్న గెకిదాన్ హిమావారి లాంటి పేరున్న సంస్థల్లోనూ పిల్లలు డబ్బు కట్టే నేర్చుకుంటారు. అనుమానించాల్సింది ఫీజుని కాదు, తొందరని. ‘ఈ వారంలోనే సంతకం పెట్టాలి’ అంటే మాత్రం కాగితం ఇంటికి తెచ్చుకోండి. ఇవ్వకపోతే అదే మీ జవాబు. సందేహం ఉంటే 188కి ఫోన్ చేయండి, అది అక్కడి వినియోగదారుల హెల్ప్‌లైన్.

ఇక కెరీర్. మీరు ఏడేళ్లుగా అక్కడ ఉన్నారు కాబట్టి ఆషిదా మానా పేరు మీకు నేను చెప్పక్కర్లేదు. 2004లో పుట్టిన అమ్మాయి. 2010లో ‘మదర్’ డ్రామాలో తల్లి చేతిలో హింసపడే పాపగా నటించి దేశాన్ని ఏడిపించినప్పుడు తనకింకా ఆరేళ్లు నిండలేదు. మరుసటి ఏడాది ‘మారుమో నో ఒకితె’. అందులో సుజుకి ఫుకుతో కలిసి పాడిన పాటకి స్కూళ్లలో పిల్లలంతా డాన్స్ చేశారు, ఆ డిసెంబర్ 31న కోహకు వేదిక మీద కూడా (ఏటా ఆ రాత్రి జపాన్ పబ్లిక్ టీవీ ఎన్‌హెచ్‌కేలో వచ్చే పెద్ద పాటల కార్యక్రమం అది) ఇద్దరూ పాడారు. 2013లో హాలీవుడ్ ‘పసిఫిక్ రిమ్’లో హీరోయిన్ చిన్నప్పటి పాత్ర. అక్కడిదాకా అందరికీ గుర్తుంటుంది. తల్లిదండ్రులు చూడాల్సింది ఆ తర్వాతి కాలాన్ని. తెర మీద కనిపించే ప్రధాన పాత్ర 2014 తర్వాత సినిమాలో మళ్లీ చేసింది 2020లోనే. మధ్యలో పూర్తిగా మాయమైపోలేదు. ఎన్‌హెచ్‌కే ఉదయం డ్రామా ‘మన్‌పుకు’కి పద్నాలుగేళ్ల వయసులో కథ చెప్పే గొంతు తనదే, 2019లో ఒక యానిమేషన్ సినిమాలో హీరోయిన్ గొంతూ తనదే. 2023లో కేయో యూనివర్సిటీలో చేరింది. అంటే జపాన్‌లో అంతటి స్టార్‌కి కూడా టీనేజ్‌లో ముఖంతో పాటు గొంతుకీ పని దొరికింది, చదువు ఆగలేదు.

ఇంకో అమ్మాయి ఓహాషి నొజోమి. 2008లో ‘పోన్యో’ సినిమా పాట పాడింది తనే, అదే ఏడాది కోహకులోనూ పాడింది. 2012 మార్చిలో ఆరో తరగతి అయిపోగానే చదువుకుంటానని చెప్పి ఆ రంగం వదిలేసింది. పన్నెండేళ్లకి రిటైర్మెంట్! మనకి వింతగా ఉంటుంది గానీ అక్కడ ఇదీ ఒక దారే. ఇంకాస్త వెనక్కి వెళ్తే కొబయాషి అయాకో. 1983లో వచ్చిన ఎన్‌హెచ్‌కే ఉదయం డ్రామా ‘ఓషిన్’లో చిన్నప్పటి ఓషిన్ తనే. ఆ డ్రామా సగటు రేటింగ్ 52.6 శాతం. కానీ దాదాపు 300 ఎపిసోడ్లలో తన వంతు మొదటి కొన్ని వారాలే. తర్వాత పెద్దయిన ఓషిన్‌గా తనకా యూకో వచ్చింది, ఆ తర్వాత ఓతోవా నొబుకో. ఉదయం డ్రామాల తీరే అంత. హీరోయిన్ పెద్దదవగానే చిన్న పాప పని అయిపోతుంది, ఎంత బాగా చేసినా సరే.

నా మాట వినండి. కోయాకు, అంటే బాలనటి పని, పన్నెండు పదిహేనేళ్ల మధ్య ఎప్పుడో ముగిసేలా తయారైన పని. పెద్దయ్యాక నటి కావాలంటే మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టాలి, పాత పేరు ఒక్కోసారి అడ్డం కూడా వస్తుంది. అందుకని ‘కెరీర్ ఉంటుందా’ అని కాకుండా, ‘మూడేళ్లు ఇది చేస్తే పాపకి ఏం మిగులుతుంది, ఏం పోతుంది’ అని అడగండి. ఇలా చూస్తే మీవారు చెప్పిన ‘మూడు నాలుగేళ్లు’ అడ్డంకి కాదు, సరిపోయే గడువు.

జపాన్ కార్మిక చట్టం పదిహేనేళ్లు నిండాక వచ్చే మార్చి 31 దాకా పిల్లల్ని పనిలో పెట్టుకోవద్దంటుంది. పదమూడేళ్ల లోపు వాళ్లకైతే సినిమా, నాటకం లాంటి పనులకే మినహాయింపు. దానికి లేబర్ ఆఫీసు అనుమతి, మీ అంగీకారం, చదువుకి ఇబ్బంది లేదని స్కూల్ ప్రిన్సిపాల్ ఇచ్చే కాగితం ఉండాలి. స్కూల్ టైం, పని టైం కలిపి రోజుకి ఏడు గంటలు దాటకూడదు. మీ పాప విషయంలో లెక్క వేయండి. ఆరు పీరియడ్లున్న రోజు, పీరియడ్‌కి 45 నిమిషాలు, నాలుగున్నర గంటలు అక్కడే అయిపోతాయి. మిగిలింది రెండున్నర. రాత్రి తొమ్మిది దాటితే ససేమిరా కుదరదు. అది కూడా నటించే పిల్లల కోసం 2005లో ఒక గంట సడలించారు కాబట్టి, లేకపోతే ఎనిమిదే. ఈ సంగతులు ఏజెన్సీ వాళ్లని అడిగి చూడండి. టక్కున చెప్తే మంచిది. ‘అవన్నీ మేం చూసుకుంటాం’ అంటే జాగ్రత్త.

డబ్బు గురించి ఒక మాట. పిల్లల బదులు తల్లిదండ్రులు ఉద్యోగ ఒప్పందం చేసుకోకూడదు, వాళ్ల జీతం తీసుకోకూడదు అని అదే చట్టంలో ఉంది. అయితే పేరున్న టాలెంట్లని, అంటే నటులు, గాయకుల్లాంటి వాళ్లని, ఉద్యోగులుగా లెక్కించని పద్ధతి 1988 నుంచీ ఉంది, వాళ్లకి ఈ రక్షణ ఉండదు. మన దేశంలో 2017 నుంచి బాలనటుల సంపాదనలో కనీసం 20 శాతం పిల్లల పేరునే ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలని రూల్ ఉంది. మీరు ఇరవైతో ఆగకండి. పాపకి వచ్చిన ప్రతి యెన్ పాప ఖాతాలోకే వెళ్లాలి, ఫీజులు, రైలు ఛార్జీలు మీ జేబులోంచి. నష్టం కనిపిస్తుంది కదా అంటారా? కనిపించాలనే చెప్తున్నాను.

వీసా మర్చిపోకండి. మీరు, పాప డిపెండెంట్ వీసా మీద ఉంటే ఒక్క యాడ్ చేసి డబ్బు తీసుకోవాలన్నా ముందుగా ఇమ్మిగ్రేషన్ నుంచి విడిగా పర్మిషన్ తీసుకోవాలి. పర్మనెంట్ రెసిడెన్సీ ఉంటే ఈ బాధ లేదు.

ఇప్పుడు కాస్త చేదు మాట. ఉదయం డ్రామాలోనో ఆదివారం రాత్రి వచ్చే చారిత్రక డ్రామాలోనో హీరోయిన్ చిన్నప్పటి పాత్ర మన ముఖాలకి రాదు. విదేశీ పిల్లలకి దొరికేవి ఎక్కువగా యాడ్లు, కేటలాగ్ ఫొటోలు, క్లాస్‌రూమ్ సీన్లో వెనక బెంచీ. కానీ మీ పాప జపనీస్ అచ్చం అక్కడి పిల్లల్లాగే ఉందంటున్నారు కదా. డబ్బింగ్‌లో, యానిమేషన్‌లో ముఖం ఎవరూ చూడరు. లెసన్లకే పంపాలనుకుంటే గొంతు మీద పనిచేసే క్లాస్ ఉన్న చోటే చూడండి. రేపు హైదరాబాద్ వచ్చాక కూడా ఆ భాష అన్నం పెడుతుంది, యాక్టింగ్ పెట్టినా పెట్టకపోయినా.

మీ సంగతి మీరు రాయలేదు. ఆడిషన్ కబురు ముందు రోజు సాయంత్రం వస్తుంది: రేపు మూడింటికి షిబుయా. స్కూల్ నుంచి పాపని తీసుకుని, రైల్లో ఒనిగిరి (అన్నం ముద్ద) తినిపించి, ఛాతీ మీద నంబర్ అంటించుకున్న నలభై మంది పిల్లల మధ్య గంట కూర్చుని, లోపల రెండు నిమిషాలు. ఫలితం చెప్పరు. ఫోన్ రాకపోతే లేదని అర్థం. ఇలా వారానికి ఒకసారి వెళ్లగలరా? మీరు ఉద్యోగం చేస్తుంటే, ఇంకో చిన్న బిడ్డ ఉంటే? కోయాకు వెనక పనిచేసేది తల్లే, ఆ పనికి జీతం ఉండదు.

ఇప్పుడే కట్టొద్దు. కొత్త తరగతి ఏప్రిల్‌లో మొదలవుతుంది, అప్పటిదాకా ఆగమని చెప్పండి. ఈలోగా స్కూల్లో గకుగేకై, అంటే పిల్లల ప్రదర్శనల రోజు, నాటకం ఉంటే పాప ఏ పాత్ర అడుగుతుందో, అది వేరేవాళ్లకి వెళ్తే ఇంటికొచ్చి ఏం చేస్తుందో గమనించండి. రెండు రోజులు ఏడ్చి మూడో రోజు చెట్టు పాత్రనే అద్దం ముందు ప్రాక్టీస్ చేస్తుంటే, అప్పుడు మీవారిని కూడా కూర్చోబెట్టి ఒప్పందం కాగితాలు ముందు పెట్టుకోండి. డబ్బు గురించిన పేజీ మాత్రం మీ ఇద్దరే కాకుండా జపనీస్ బాగా చదవగలిగిన ఇంకొకరి చేత చదివించండి.