హెచ్‌ఎఫ్ బ్యాండ్లు ఈ రోజుల్లో ఎందుకు? విశాఖలో ఏ బ్యాండ్‌తో మొదలుపెట్టాలి?

మీరు మూడు విషయాలు అడిగారు. హెచ్‌ఎఫ్ (హై ఫ్రీక్వెన్సీ) రేడియో బ్యాండ్లు, అంటే ఆ ఫ్రీక్వెన్సీల్లోని భాగాలు, దేనికి వాడతారు, ఫోన్లూ ఉపగ్రహాలూ ఉండగా వాటి అవసరం ఇంకా ఉందా, విశాఖలో అపార్ట్‌మెంట్‌లో ఉండేవాళ్లకు ఏ బ్యాండ్ మంచిది. ఇదే ఊళ్లో చాలా ఏళ్లుగా హ్యామ్ రేడియో (లైసెన్సు తీసుకుని అభిరుచి కొద్దీ నడిపే రేడియో) నడుపుతున్నాను కాబట్టి నా అనుభవంలోంచి చెబుతాను. మీ మూడో ప్రశ్నకు ఒకే జవాబు ఉండదు. ఎంత దూరం మాట్లాడాలి, ఇప్పుడు టైమెంత అన్నవి తెలిస్తేనే ఏ బ్యాండో తేలుతుంది. హెచ్‌ఎఫ్‌లో అన్నిటికంటే ముందు నేర్చుకోవాల్సింది ఇదే.

హెచ్‌ఎఫ్ అంటే 3 నుంచి 30 మెగాహెర్ట్జ్ దాకా. మన పెద్దవాళ్లు షార్ట్‌వేవ్ అన్నది చాలావరకు దీన్నే. రేడియో సిలోన్‌లో తెలుగు వ్యాఖ్యాత మీనాక్షి పొన్నుదురై గొంతు కోసం, తెలుగు పాటల కోసం సెట్టు తిప్పిన ఇళ్లన్నీ హెచ్‌ఎఫ్ విన్నవే. ఆకాశవాణి విశాఖపట్నం 927 కిలోహెర్ట్జ్ మీద వచ్చేది మాత్రం మీడియం వేవ్, అది వేరు. 300ని మెగాహెర్ట్జ్‌తో భాగిస్తే తరంగం పొడవు మీటర్లలో వస్తుంది. అందుకే 7 మెగాహెర్ట్జ్ ప్రాంతాన్ని రమారమి 40 మీటర్లనీ, 14ని 20 మీటర్లనీ, 21ని 15 మీటర్లనీ పిలుస్తారు.

ఈ తరంగాలు పైకి వెళ్లి అయనోవరణంలో వంగి మళ్లీ నేలకు దిగుతాయి. ఎండ ధాటికి గాలిలోని అణువుల నుంచి ఎలక్ట్రాన్లు విడిపోయి ఏర్పడే పొరలవి. దూరాలకు పంపేది పైనుండే ఎఫ్ పొర. దాని కింద, 60 నుంచి 90 కిలోమీటర్ల ఎత్తులో, పగటిపూట డి పొర ఉంటుంది. అది తక్కువ ఫ్రీక్వెన్సీలను మింగేస్తుంది. పొద్దుగూకగానే పోతుంది. 80 మీటర్ల బ్యాండ్ పగలు దూరానికి పనికిరాకుండా పడి ఉండి, రాత్రి లేచి కూర్చోవడానికి కారణం అదే. 15, 10 మీటర్ల బ్యాండ్లు దీనికి సరిగ్గా తలకిందులు. వాటికి ఎండ కావాలి, సూర్యుడి మీద మచ్చలు బాగా ఉన్న ఏళ్లు కావాలి. సుమారు 11 ఏళ్లకోసారి అలాంటి కాలం వస్తుంది.

ఇక అవసరం సంగతి. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ మన ఊరి మీద పడినప్పుడు ఇక్కడున్నవాళ్లకు ఎవరూ చెప్పక్కర్లేదు. కరెంటు పోయింది, టవర్లు పోయాయి, ఫోన్లు చేతిలో ఉన్నా పలకలేదు. హైదరాబాద్‌లో ఉన్న పిల్లలకు ఇక్కడి తల్లిదండ్రుల క్షేమం తెలియదు. మా యాంటెన్నా కట్టిన చెట్టు కూలిపోయింది. డాబా మీద నీళ్ల ట్యాంకుకూ పిట్టగోడకూ మధ్య ఒక తీగ లాగి, కారు బ్యాటరీ మీద సెట్టు పెట్టి, 40 మీటర్ల మీద హైదరాబాద్ హ్యామ్‌లను అందుకున్నాం. మా వీధిలోవాళ్లు చీటీల మీద నంబర్లు రాసి తెచ్చారు. "అమ్మానాన్నా బాగున్నారు, ఇల్లు బాగుంది, కంగారు పడొద్దు" అని హైదరాబాద్ హ్యామ్‌లు ఆ నంబర్లకు ఫోన్ చేసి చెప్పేవారు. ఆ రోజుల్లో ఆ ఒక్క వాక్యం విలువ ఎంతో నేను దగ్గరుండి చూశాను. అందుకే ఎవరు అడిగినా హెచ్‌ఎఫ్ నేర్చుకోమనే చెబుతాను.

ఇక్కడ ఒక సాంకేతిక విషయం ఉంది, దాన్ని శ్రద్ధగా గమనించండి. ఆ తీగ ఎక్కువ ఎత్తులో లేకపోవడం మాకు కలిసొచ్చింది. తక్కువ ఎత్తులో కట్టిన డైపోల్ (మధ్యలో కేబుల్ తగిలించి రెండు వైపులా లాగిన తీగ యాంటెన్నా) తరంగాన్ని దాదాపు నిట్టనిలువుగా పైకి పంపుతుంది. అది తిరిగి చుట్టూ కొన్ని వందల కిలోమీటర్ల మేర దిగుతుంది. శ్రీకాకుళం, విజయవాడ, భువనేశ్వర్ అన్నీ ఆ పరిధిలోవే. చేతిలో పట్టుకునే వీహెచ్‌ఎఫ్ (హెచ్‌ఎఫ్ కంటే పై ఫ్రీక్వెన్సీల) సెట్లకు సింహాచలం కొండలు, యారాడ కొండ అడ్డం. పైనుంచి దిగే తరంగానికి ఏ కొండా అడ్డం కాదు. చీకటి పడ్డాక 40 మీటర్ల బ్యాండ్ దూరానికి సాగిపోతుంది, దగ్గరి ఊళ్లు వినబడవు. ఈ వినబడని మేరను స్కిప్ జోన్ అంటారు. అప్పుడు 80 మీటర్ల బ్యాండ్‌కు దిగాలి. అదే వెయ్యి కిలోమీటర్లు దాటిన పోర్ట్‌బ్లెయిర్‌తో పట్టపగలు మాట్లాడాలంటే 20 మీటర్ల బ్యాండ్ చూడాలి. 2004 డిసెంబరు 26న సునామీ వచ్చినప్పుడు హ్యామ్ కార్యక్రమం మీద పోర్ట్‌బ్లెయిర్‌లో ఉన్న భారతీ ప్రసాద్ బృందం హెచ్‌ఎఫ్ మీదే అండమాన్ కబుర్లను ఇవతలి ఒడ్డుకు చేర్చింది. ఆ సంగతి తలుచుకుంటే నాకు ఇప్పటికీ గర్వంగా ఉంటుంది.

హ్యామ్‌లే కాదు, ఓడలకూ హెచ్‌ఎఫ్ ఉంది. 1999 ఫిబ్రవరి 1 నుంచి కొత్త ఆపద సమాచార పద్ధతి పూర్తిగా అమల్లోకి వచ్చి ఓడల్లో మోర్స్ గదులు మూతపడ్డాయి కానీ, హెచ్‌ఎఫ్ పోలేదు. ఆపదలో మాట్లాడడానికి 8291 కిలోహెర్ట్జ్, డిజిటల్ పిలుపుకు 8414.5 ఇప్పటికీ ఉన్నాయి. ధ్రువాల దగ్గర, భూస్థిర ఉపగ్రహం అందని సముద్రంలో, హెచ్‌ఎఫ్‌ది ఇప్పటికీ ముఖ్యమైన పాత్ర. బంగాళాఖాతం మీదుగా వెళ్లే విమానాలు కూడా తీరం దాటాక గ్రౌండ్ స్టేషన్లతో మాట్లాడడానికి హెచ్‌ఎఫ్ వాడతాయి. నౌకాదళాల సంగతి తూర్పు నౌకాదళ కమాండ్ ఉన్న ఊరివాళ్లకు నేను వివరించనక్కర్లేదు. మధ్యలో మరొకరి ఉపగ్రహంతో పని లేకుండా వేల కిలోమీటర్లు మాట కలిపే దారి ఏ సైన్యమైనా ఎందుకు వదులుకుంటుంది?

ఇప్పుడు మీరు చేయాల్సింది. సెట్టు కొనకముందే వినండి. నెదర్లాండ్స్‌లోని ట్వెంటే విశ్వవిద్యాలయం పెట్టిన వెబ్ ఎస్‌డీఆర్‌ను (ఇంటర్నెట్ ద్వారా ఎవరైనా వినగల రిసీవర్) కంప్యూటర్‌లోనే తిప్పి చూడొచ్చు, పైసా ఖర్చు లేదు. అయితే అక్కడ వినిపించేది వాళ్ల ఆకాశం. మన ఆకాశం తెలియాలంటే ఎస్‌ఎస్‌బీ (సింగిల్ సైడ్‌బ్యాండ్, హెచ్‌ఎఫ్‌లో హ్యామ్‌లు మాట పంపే పద్ధతి) పట్టే చిన్న రిసీవర్, కొన్ని మీటర్ల తీగ చాలు. తెల్లవారుజామున, మధ్యాహ్నం, రాత్రి 7.0 నుంచి 7.2 మెగాహెర్ట్జ్ మధ్య వినండి. ఒకే బ్యాండ్ మూడు పూటలా మూడు రకాలుగా ఉంటుంది. 10 మెగాహెర్ట్జ్ కింద హ్యామ్‌లు ఎల్‌ఎస్‌బీలో (కింది సైడ్‌బ్యాండ్) మాట్లాడతారు, పైన యూఎస్‌బీలో (పై సైడ్‌బ్యాండ్). మాటలు బొంగురుగా, అర్థంకాకుండా వస్తే ముందు రిసీవర్ మీద ఎల్‌ఎస్‌బీ, యూఎస్‌బీ మార్చే మీట చూడండి.

అపార్ట్‌మెంట్‌లో అసలు శత్రువు రొద. ఎల్‌ఈడీ బల్బులు, చార్జర్లు, లిఫ్ట్ మోటారు, సోలార్ ఇన్వర్టర్ అన్నీ కలిసి 40 మీటర్లను కప్పేస్తాయి. రిసీవర్ పట్టుకుని భీమిలి వైపు ఖాళీ తీరానికి వెళ్లి విని చూడండి, మీ బ్యాండ్‌లో ఎంతమంది ఉన్నారో అప్పుడు తెలుస్తుంది. 40 మీటర్ల బ్యాండ్ డైపోల్‌కు కావాల్సిన 20 మీటర్ల చోటు డాబా మీద లేకపోతే 20 మీటర్ల బ్యాండ్ డైపోల్ కట్టుకోండి, మొత్తం 10 మీటర్ల పొడవే. అసోసియేషన్‌వాళ్లతో ముందే మాట్లాడండి, సన్నని తీగకు సాధారణంగా ఎవరూ అడ్డు చెప్పరు. ప్రసారం మాత్రం కేంద్ర ప్రభుత్వ పరీక్ష పాసై, లైసెన్సు, కాల్‌సైన్ వచ్చాకే. అంతవరకు మైకు జోలికి వెళ్లొద్దు.

మన ఊరికి ప్రత్యేకంగా ఒక జాగ్రత్త ఉంది. ఉప్పుగాలి కనెక్టర్లను తినేస్తుంది. బయట ఉండే ప్రతి జాయింటుకూ నీరు చొరని రబ్బరు టేపు చుట్టండి, వానాకాలం ముందు ఒకసారి విప్పి చూడండి, రాగి పచ్చబడి ఉంటే ఆ ముక్క కోసేసి కొత్తగా టంకం వేయండి.