ఆస్ట్రేలియా ఆదివాసుల సంప్రదాయ చట్టాన్ని అక్కడి న్యాయస్థానాలు ఎంతవరకు గుర్తిస్తాయి?

ఆస్ట్రేలియా ఆదివాసుల సంప్రదాయ చట్టానికి అక్కడి కోర్టుల్లో విలువ ఉందా, ఉంటే ఎంతవరకు అని మీరు అడిగారు. క్లుప్తంగా చెప్పాలంటే భూమి విషయంలో ఉంది, నేరాల విషయంలో దాదాపు లేదు. విక్టోరియా రాష్ట్రంలో ఉచిత న్యాయసహాయం అందించే ఒక కార్యాలయంలో కొంతకాలం పనిచేశాను కాబట్టి, ఈ తేడా మనుషుల జీవితాల్లో ఎలా కనిపిస్తుందో కొంత ఎరిగి రాస్తున్నాను.

ముందు భూమి సంగతి. ఉత్తర ఆస్ట్రేలియాలోని గోవ్ ద్వీపకల్పంలో బాక్సైట్ తవ్వకాలను ఎదిరిస్తూ అక్కడి ఆదివాసులైన యోల్ంగు ప్రజలు వేసిన దావాలో 1971లో న్యాయమూర్తి బ్లాక్‌బర్న్ తీర్పు ఇచ్చారు. వారికి ఏ ఒక్కరి ఇష్టాయిష్టాల మీదా ఆధారపడని పటిష్ఠమైన చట్ట వ్యవస్థ ఉందని సాక్ష్యాలన్నీ విని ఒప్పుకుంటూనే, ఆ వ్యవస్థ ప్రకారం భూమితో వారికున్న సంబంధం ఆస్తి హక్కు కిందికి రాదని దావా కొట్టేశారు. ఈ అన్యాయం సరిదిద్దుకోవడానికి 1992 జూన్ 3 దాకా పట్టింది. టోరస్ జలసంధిలోని మెర్ దీవివాసులు గెలిచిన మాబో కేసులో ఆస్ట్రేలియా అత్యున్నత న్యాయస్థానం ఆ నేల ఎవరికీ చెందనిదన్న పాత వాదాన్ని తోసిపుచ్చి, వారి హక్కు పుట్టిందీ, దాని స్వరూపం తేలేదీ వారి సొంత చట్టాలు, ఆచారాల నుంచేనని చెప్పింది. దావా నడిపిన ఎడ్డీ మాబో మాత్రం అదే ఏడాది జనవరిలోనే కన్నుమూశారు.

అయితే ఆ గుర్తింపుతో పాటే బరువైన షరతు ఒకటి వచ్చింది. బ్రిటిష్ సార్వభౌమాధికారం ఏర్పడిన నాటి నుంచి ఆ ఆచారాలు దాదాపు అవిచ్ఛిన్నంగా సాగుతున్నాయని హక్కు కోరేవారే రుజువు చేసుకోవాలి. ముర్రే నది పరీవాహకంలోని యోర్తా యోర్తా ప్రజలు ఓడిపోయింది ఇక్కడే. సాగు చేసుకుని బతకడానికి భూమి ఇప్పించమని వారి పూర్వీకులు 1881లో గవర్నరుకు పెట్టుకున్న అర్జీని, వారు సంప్రదాయ జీవనాన్ని అప్పటికే వదిలేశారనడానికి ఒక ఆధారంగా 1998లో కింది కోర్టు తీసుకుంది. 2002లో పై కోర్టు కూడా వారికి వ్యతిరేకంగానే తీర్పిచ్చింది. భూమిని లాక్కుని, పిల్లలను వేరుచేసి, భాష మాట్లాడనివ్వని రాజ్యమే చివరికి “మీ సంప్రదాయం తెగిపోయింది” అని చెప్పడం నాకు ఏ విధంగానూ సమర్థనీయంగా తోచదు.

అదే 2002లో, యోర్తా యోర్తా ప్రజల ప్రాంతమైన షెపర్టన్‌లో విక్టోరియాలోని తొలి కూరీ కోర్టు మొదలైంది (కూరీలంటే ఆగ్నేయ ఆస్ట్రేలియా ఆదివాసులు). అక్కడ మేజిస్ట్రేటు ఎత్తైన పీఠం మీద కాకుండా కోడిగుడ్డు ఆకారపు బల్ల చుట్టూ అందరితో సమానంగా కూర్చుంటారు. పక్కన ఆదివాసీ పెద్దలు, ఎదురుగా నిందితుడు, అతని కుటుంబం ఉంటారు. నేను చూసిన ఒక విచారణలో ఒక పెద్దావిడ కుర్రవాడిని నేరం గురించి ఏమీ అడగకుండా అతని అమ్మమ్మ గురించి, ఆమె ఎవరెవరిని పెంచిందన్నదాని గురించి అడిగారు. అప్పటిదాకా ముక్తసరిగా సమాధానమిస్తున్న ఆ అబ్బాయి ఆవిడతో మాత్రం చాలాసేపు మాట్లాడాడు. ఆ గౌరవం నిజమైనది, దానివల్ల జరిగే మేలూ నిజమైనదే. కానీ నేరం ఒప్పుకున్నవారే ఆ కోర్టుకు వస్తారు, పెద్దలు సలహా చెబుతారు, శిక్ష వేసేది మేజిస్ట్రేటు, అదీ విక్టోరియా చట్టం ప్రకారమే. దాన్ని సంప్రదాయ చట్టానికి దక్కిన గుర్తింపు అనుకుంటే పొరపాటు.

నేర చట్టంలో తలుపు 1994లోనే మూసుకుంది. వాకర్ కేసులో ఆదివాసీ నేర చట్టం ఇంకా అమల్లో ఉందన్న వాదనను అత్యున్నత న్యాయస్థానం నిరాకరించింది. శిక్ష విధించేటప్పుడు మాత్రం, నిందితుడు తన సమాజం చేతిలో ఎదుర్కొన్న, ఎదుర్కోబోయే దండనను న్యాయమూర్తులు లెక్కలోకి తీసుకునేవారు. తర్వాత ఆచారం పేరుతో నేర తీవ్రతను తక్కువగానో ఎక్కువగానో చూడకూడదని ఫెడరల్ నేరాలకు 2006లోనూ, నార్తర్న్ టెరిటరీ నేరాలకు 2007లోనూ చట్టాలు తెచ్చారు. ఆడవారి మీద, పిల్లల మీద జరిగే హింసను ఆచారం సాకుతో తేలిక చేయకూడదన్నది ప్రభుత్వం చెప్పిన కారణం. ఆ ఆందోళనను నేను కొట్టిపారేయను. కానీ నార్తర్న్ టెరిటరీలోని నంబుల్వార్‌లో ఒక పవిత్ర స్థలంలో మరుగుదొడ్డి కట్టిన కేసు 2011లో విచారణకు వచ్చినప్పుడు, ఆ స్థలం తాలూకు ఆదివాసులకు కలిగిన బాధను నేర తీవ్రత తేల్చడంలో పరిగణించడానికి ఆ చట్టమే అడ్డుపడింది. 2012లో వారసత్వ స్థలాలకు సంబంధించిన నేరాలకు మినహాయింపు ఇచ్చారు కానీ, మిగతా నిషేధాన్ని అలాగే ఉంచారు.

అసలు చట్ట సంస్కరణలపై ప్రభుత్వానికి సలహా ఇచ్చే ఆస్ట్రేలియా లా రిఫార్మ్ కమిషన్ 1986లోనే ఈ అంశంపై పెద్ద నివేదిక ఇచ్చింది. పెళ్లి, పిల్లల పెంపకం, సాక్ష్యం, శిక్ష వంటి ఒక్కో రంగంలో అవసరాన్ని బట్టి గుర్తించాలన్న దాని సూచన నాకు ఇప్పటికీ సరైనదిగానే కనిపిస్తుంది. పార్లమెంటు మాత్రం దాన్ని సమగ్ర చట్టంగా ఎన్నడూ చేయలేదు. ఆ దారి సాధ్యమేనని చూపినది క్వీన్స్‌లాండ్ 2020లో చేసిన చట్టం. టోరస్ జలసంధి కుటుంబాల్లో పిల్లలను బంధువులకు శాశ్వతంగా అప్పగించే ఆచారం తరతరాలుగా ఉంది. ఇప్పుడు రెండు కుటుంబాలూ ఒప్పుకుని దరఖాస్తు చేసుకుంటే, ఆ సమాజానికే చెందిన కమిషనర్ దాన్ని పరిశీలించి ఉత్తర్వు ఇస్తారు, పెంచినవారే చట్టరీత్యా తల్లిదండ్రులవుతారు.