పరువు గల ఇంట్లో పస్తులు: మూకీల్లో ముందు ఏది చూడాలి?

మర్యాదస్తుల ఇంటి ఆడవాళ్ళు డబ్బుకి కటకటలాడే కథతో మంచి మూకీ సినిమా ఉందా, ఇప్పుడు చూస్తే బోర్ కొట్టదా అని అడిగారు కదా. ఉంది. 1921లో లోయిస్ వెబర్ అనే అమెరికన్ దర్శకురాలు తీసిన ‘ది బ్లాట్’. గంటన్నరే.

ప్రొఫెసర్ గ్రిగ్స్ ఇంట్లో చదువుకి లోటు లేదు, జీతమే చాలదు. పక్కింటి ఓల్సెన్ బూట్లు తయారుచేసి బాగా గడిస్తుంటాడు. గ్రిగ్స్ కూతురు అమీలియా లైబ్రరీలో పనిచేస్తుంది. అందరికంటే నలిగేది మాత్రం తల్లే. మార్గరెట్ మెక్‌వేడ్ ఆ పాత్రలో నటించినట్టే ఉండదు.

నేను మా అమ్మతో కలిసి చూశాను. మధ్యమధ్యలో మాటలు రాసి చూపించే టైటిల్ కార్డులు తెలుగులో చెప్తుంటే కాసేపటికి “ఆపరా, నాకు తెలుస్తోందిలే” అంది. చిరిగిన తివాచీ, పిగిలిన కుర్చీ గుడ్డ, అరిగిన బూట్లు కెమెరా దగ్గరగా చూపిస్తుంటే ఇంక చెప్పడానికేముంది? మా తాతగారు ఎయిడెడ్ స్కూల్లో టీచరు, జీతం ఎప్పుడొస్తుందో తెలిసేది కాదు. ఇంటికి ఎవరొచ్చినా అమ్మమ్మ చాప చిరిగిన చోటే కూర్చునేదట, కనపడకుండా.

అసలు సినిమా అంతా కోడి దగ్గరుంది. అమీలియాకి జబ్బు చేస్తుంది. బలమైన తిండి పెట్టాలి, అరువు పుట్టదు. పక్కింటి వంటింట్లో కోడి కనిపిస్తుంది. తల్లి తీస్తుంది, మనసొప్పక మళ్ళీ పెట్టేస్తుంది. తీయడం చూసిన కూతురు పెట్టేయడం చూడదు! ఆవిడ చేతిలో కోడి ఉన్నంతసేపూ అమ్మ “పెట్టెయ్యమ్మా, పెట్టెయ్” అని పైకే అంటూ కూర్చుంది. ఆకలి ఎలాగో ఓర్చుకోవచ్చు, పక్కింటావిడకి తెలిసిపోతుందన్న టెన్షనే ఆవిణ్ణి తినేస్తుంది.

అమీలియాని ఇష్టపడే డబ్బున్న కుర్రాడు ఫిల్ మారిపోవడం కొంచెం తొందరగా జరుగుతుంది. టీచర్ల జీతాల గురించి ఉపన్యాసం కూడా ఉంది, భరించాలి.

ఇది నచ్చితే 1925లో పాబ్స్ట్ తీసిన జర్మన్ సినిమా ‘ది జాయ్‌లెస్ స్ట్రీట్’ చూడండి. మొదటి ప్రపంచయుద్ధం తర్వాతి వియన్నా, మండిపోయే ధరలు, మాంసం కొట్టు ముందు ఆడవాళ్ళ క్యూ. తండ్రి షేర్లలో పెట్టి ఉన్నదంతా పోగొడితే ఇల్లు మోసే పెద్దకూతురు గ్రెటా గార్బో. అది చాలా మొరటుగా కొడుతుంది, రాత్రి పడుకునే ముందు వద్దు. సెన్సార్లు దాన్ని ఎక్కడికక్కడ కత్తిరించాయి. పొట్టి ప్రింటు పెట్టుకుంటే కథ తెగిపోతుంది, రెండు గంటలు దాటిన రిస్టోర్డ్ ప్రింటే వెతుక్కోండి.