రిజిస్టర్డ్ మార్ట్‌గేజ్ ముందా, బ్యాంకులో ఉన్న దస్తావేజులు ముందా?

ప్రశ్న: మాది మిర్యాలగూడ. రైస్ మిల్లులో లెక్కలు రాస్తాను. 2019లో దస్తావేజులు బ్యాంకులో పెట్టి ఇంటి లోన్ తీసుకున్నా. ఇంకా 24 లక్షలుంది, ఈఎంఐ 27 వేలు. నాయిన ఆపరేషన్‌కు అదే ఇంటిని ఒక ఫైనాన్స్ ఆయనకు 8 లక్షలకు రిజిస్టర్డ్ మార్ట్‌గేజ్ చేసిన, మూడు రూపాయల మిత్తి. 14 నెలలుగా మిత్తి కట్టలేదు. ‘నాది రిజిస్ట్రేషన్, ఈసీలో (ఇంటి మీద రిజిస్టరైన లావాదేవీల చిట్టా) ఉన్నది నా పేరే, ఇల్లు అమ్మితే ముందు నా పైసలే’ అంటున్నడు. ఇంకో 4 లక్షలిస్తా, కాగితం తిరగరాద్దాం అంటున్నడు. తీసుకోవచ్చా?

జవాబు: ఆ 4 లక్షలు ముట్టుకోకండి. 8 లక్షలకు నెలకు 24 వేల మిత్తి, 14 నెలలకు 3,36,000. ఇప్పటికే ఇంకో ఈఎంఐ అంత బరువు నెత్తికెత్తుకున్నారు. దవాఖాన ఖర్చుకు ఇల్లు రెండోసారి కుదువ పెట్టడం చాలామంది చేసే తప్పు కనుకే ఈ జవాబు.

వరుస విషయంలో ఫైనాన్స్ ఆయన మాట తప్పు. ఆస్తి బదలాయింపు చట్టం 48వ సెక్షన్ ప్రకారం ముందు పుట్టిన హక్కుదే ముందు వరుస. దస్తావేజులు అప్పగించి చేసిన తాకట్టు, తర్వాత రాసి రిజిస్టర్ చేసిన మార్ట్‌గేజ్ మీద చెల్లుతుందని రిజిస్ట్రేషన్ చట్టం 48వ సెక్షన్‌లో విడిగా రాసే ఉంది. బ్యాంకు మెమోరాండం (దస్తావేజులు అప్పగించినట్టు రాసుకున్న కాగితం) రిజిస్టర్ కాకపోతే ఈసీలో కనబడదు, అంతే. ఒరిజినల్స్ ఎక్కడని అడగకుండా జిరాక్సుల మీద 8 లక్షలివ్వడం ఆయన తెలివి. తాకట్టు సెర్సాయ్‌లో (తాకట్టులు నమోదు చేసే కేంద్ర రిజిస్ట్రీ) నమోదై ఉంటే, 2020 జనవరి 24 నుంచి అమల్లో ఉన్న సర్ఫేసీ చట్టం (బ్యాంకులు తాకట్టు ఆస్తిని అమ్మి బాకీ రాబట్టుకునే చట్టం) 26ఈ సెక్షన్‌తో మున్సిపాలిటీ పన్ను బకాయి కన్నా కూడా బ్యాంకే ముందు.

దీనితో మీకు ఒరిగేది మాత్రం లేదు. వేలంలో ఇల్లు 32 లక్షలు పలికిందనుకోండి. మిత్తి, ఖర్చులు కలిపి బ్యాంకు 26 లక్షలు పట్టుకుంటే మిగిలేది 6. ఫైనాన్స్ ఆయన లెక్క 11.36 లక్షలు. తక్కువపడ్డ 5.36 లక్షలకు మీ మీదే డిక్రీ తెచ్చుకుంటాడు.

బ్యాంకులో టాపప్ (ఉన్న ఇంటి లోన్ మీదే అదనపు లోన్) అడగండి, మిత్తి రూపాయి లోపే పడొచ్చు. ఇక్కడే మెలిక. కొత్తగా ఇచ్చే సొమ్ము పాత తాకట్టు వరుసలోకి దానంతటది ఎక్కదు. ఆస్తి బదలాయింపు చట్టం 93వ సెక్షన్ ప్రకారం అది ఫైనాన్స్ ఆయన వెనక, మూడో వరుసలో నిలబడుతుంది. మేనేజర్ వెనకాడేది అందుకే. టాపప్ మీ ఖాతాలో వేయకుండా ఆయన పేర డీడీ తీయమనండి, అదే రోజు సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో రిలీజ్ డీడ్ (మార్ట్‌గేజ్ విడుదల పత్రం) చేయిస్తామని రాసివ్వండి. రెండో మార్ట్‌గేజ్ సంగతి దాచకండి, లోన్ అగ్రిమెంట్ దాన్ని ఒప్పుకోదు. ఈఎంఐ మాత్రం తప్పొద్దు: 90 రోజులు దాటితే ఎన్‌పీఏ (మొండి బాకీ), ఆపైన 60 రోజుల నోటీసు. టాపప్ రాకపోతే ఇంట్లో బంగారం చూడండి.

ఇంత దూరం రావడానికి కారణం చేతిలో అత్యవసర నిధి లేకపోవడం. ఈఎంఐ 27 వేలు, ఇంటి ఖర్చు 20 వేలు అనుకుంటే ఆరు నెలలకు 2,82,000. అది పక్కనుండి, నాయినకు ఆరోగ్య బీమా పాలసీ కూడా ఉంటే ఇంటి కాగితాలు కదిలేవి కావు. ఆరోగ్యశ్రీ పరిమితి 2023 డిసెంబరులో 10 లక్షలకు పెరిగింది. ఫైనాన్స్ ఆఫీసు మెట్లెక్కే ముందు దవాఖానలో ఆరోగ్యమిత్రను (ఆరోగ్యశ్రీ సహాయకుణ్ని) అడిగారా? బాకీ తీరిన నెల నుంచే 5 వేలైనా విడి ఖాతాలో వేయండి. చిట్టిలో వద్దు, పాట పాడితేగానీ చేతికి రాదు.

తీర్చేటప్పుడు మిత్తి మీద బేరమాడండి, నగదు ఇవ్వకండి. ప్రోనోటు, ఖాళీ చెక్కులు ఇచ్చి ఉంటే నంబర్లు సరిచూసి వెనక్కి తీసుకోండి. తర్వాత కొత్త ఈసీ తీసి, రిలీజ్ డీడ్ నంబరు అందులో ఎక్కిందో లేదో చూసుకోండి.